వెలగని అగ్గిపుల్లలు

పోయినవాటి లెక్క ముందు చెప్పేస్తాను. పామర్రు టూరింగ్ టాకీసులో నేను ఆపరేటరుగా ఉన్న అయిదేళ్లలో ఒకే డైరెక్టరు గారి సినిమాలు పదమూడు ఆడాయి. ఆ పదమూడింటిలో ఫిల్ము తెగింది తొంభై ఏడు సార్లు. తెగినప్పుడల్లా చిరిగిన మేరకు కత్తిరించి, రెండు కొసలూ గీకి, ఫిల్ము సిమెంటు రాసి అతికించాలి. కత్తిరించిన ముక్క ఇక సినిమాలో ఉండదు. అలా నా చేతి మీదుగా పోయింది మొత్తం రెండు వందల పన్నెండు అడుగులు. అడుగుకు పదహారు బొమ్మలు, వాటినే ఫ్రేములంటాం. సెకనుకు ఇరవై నాలుగు ఫ్రేములు తెర మీద నడుస్తాయి. అంటే పోయింది రెండు నిమిషాల ఇరవై ఒక్క సెకను, పైన ఎనిమిది ఫ్రేములు.

అడుగుల్లో చెబితే చాలామందికి అర్థం కాదు. ఒక పెళ్లిలో మూడో ముడి పోయింది. ఒక హీరో గుర్రం ఎక్కడం పోయింది. మా ఊళ్లో ఆయన నేల మీద మాయమై గుర్రం మీద ప్రత్యక్షమయ్యేవాడు, జనం దానికే ఈలలు వేసేవాళ్లు. ఒక జడ్జి నోట్లోంచి "నిర్దోషి" అన్న మాట పోయింది. ముద్దాయి ఎందుకు నవ్వుతున్నాడో మూడు రోజుల పాటు పామర్రులో ఎవరికీ తెలియలేదు. ఒక తల్లి చనిపోతూ చెప్పిన ఆఖరి మాటలో మూడింట రెండు వంతులు పోయింది. అది ఆరు అడుగుల ఆరు ఫ్రేములు. నా జీవితం మలుపు తిరిగింది దాని దగ్గరే.

ఆ ముక్కలు ఊళ్లో పిల్లలకు ఇచ్చేసేవాణ్ణి. మాడిపోయిన బల్బులో నీళ్లు పోసి, ఎండకు పెట్టి, గోడ మీద బొమ్మ వేసుకునేవాళ్లు. ఇచ్చేముందు మాత్రం ఫ్రేములు లెక్కపెట్టి నోటుబుక్కులో రాసుకునేవాణ్ణి. ఎందుకు రాసేవాడివని అడిగితే ఇప్పటికీ సరైన జవాబు లేదు. ఆరో తరగతితో బడి మానేశాను. కూడికలు ఉయ్యూరు ఫ్యాక్టరీ కాటా దగ్గర, చెరుకు బళ్ల వరసలో నాన్న పక్కన నిలబడి నేర్చుకున్నాను. తలలు లెక్కపెట్టడం చర్చిలో నేర్చుకున్నాను. ఆదివారం హాజరు రాసే పని మా పాస్టరు గారు నాకు అప్పగించారు. పాటకు లేచేటప్పుడు తలలు కదిలి లెక్క తప్పుతుంది. అందుకని ప్రార్థనలో, అందరూ కళ్లు మూసుకున్నప్పుడు, నేను కళ్లు తెరిచి లెక్కపెట్టేవాణ్ణి. "మనవాడి ప్రార్థన దేవుడి దాకా ఎప్పుడు పోతుందో గానీ, హాజరు మాత్రం పక్కాగా పోతుంది" అని మా అమ్మ అనేది.

టెంటులో తలలు లెక్కపెట్టడం కుదరదు. నేల టిక్కెట్టు వాళ్లు ఇసుకలో ఒకరి మీద ఒకరు పడి కూర్చుంటారు. నా రేకుల గది కిటికీలోంచి చూస్తే మొత్తం చీకటి. ఆ చీకట్లో కనిపించేది ఒక్కటే, అగ్గిపుల్ల. మొదటి ఏడాదిలోనే నాకొక సంగతి తెలిసింది. సినిమా మనిషిని పట్టుకున్నప్పుడు బీడీ వెలగదు. నోట్లో బీడీ ఉంటుంది, చేతిలో అగ్గిపెట్టె ఉంటుంది, గీయడం మర్చిపోతాడు. పట్టు వదిలిన మరుక్షణం గీస్తాడు. అప్పటినుంచి ప్రతి రీలుకూ ఎన్ని పుల్లలు వెలిగాయో రాయడం మొదలుపెట్టాను. అయిదేళ్లకు ఆరు నోటుబుక్కులయ్యాయి. మా ఓనరు గారు ఒకసారి తిరగేసి, "ఏరా, మనం టాకీసు పెట్టామా, అగ్గిపెట్టెల కంపెనీ పెట్టామా?" అన్నారు.

ఇక డైరెక్టరు గారి సంగతి. ఆయనకు ఇరవై ఆరేళ్లప్పుడు మొదటి సినిమా తీశారు. తర్వాత పదిహేనేళ్లలో మరో నలభై. కథ, స్క్రీన్‌ప్లే, మాటలు, డైరెక్షన్ నాలుగూ ఆయనే. భక్తి సినిమా తీస్తూ దొంగల సినిమా రాసేవారు. దొంగల సినిమా తీస్తూ అత్తాకోడళ్ల సినిమా రాసేవారు. తెల్లవారుజామున నాలుగింటి నుంచి ఎనిమిది దాకా ఒక కథ నీలం సిరాతో, షూటింగులో భోజనాల వేళ ఇంకో కథ ఎర్ర సిరాతో. ఒకసారి నీలం సిరా అయిపోయి రెండూ ఎర్ర సిరాతోనే రాశారు. మర్నాడు సెట్లో లాయరు వేషగాడు కోర్టులో లేచి జడ్జిని "వదినా, నీకు చేతులెత్తి మొక్కుతాను" అన్నాడు. అసిస్టెంటు కాగితాలు కలిపేశాడు. ఆ వేషగాడు పెద్ద నటుడు, ఇచ్చింది ఇచ్చినట్టు చెప్పేవాడు.

పత్రికల వాళ్లు ఆయన్ని మిషను అనేవాళ్లు. ఆయనకు కోపం రాలేదు. "మిషనే. రైసు మిల్లు. వడ్లు పోస్తే బియ్యమూ వస్తుంది, ఊకా వస్తుంది. ఊక లేకుండా బియ్యం ఇచ్చే మిల్లు మీ ఊళ్లో ఉంటే చెప్పండి, వచ్చి దణ్ణం పెడతాను" అన్నారు. నా నోటుబుక్కుల ప్రకారం ఆయన మిల్లులో బియ్యమే ఎక్కువ. కానీ ముప్పై తొమ్మిది, నలభై, నలభై ఒకటి, మూడూ వరసగా పోయాయి.

ఆ రోజుల్లోనే ఉయ్యూరు దగ్గర చెరుకు తోటల్లో ఆయన నలభై రెండో సినిమా షూటింగు పెట్టుకున్నారు. మా టెంటులో ఆయన పాత సినిమా ఆడుతోంది, నేను చెప్పిన పదమూడోది. ఒక సాయంత్రం మొదటాటకు లుంగీ కట్టుకుని, తలకు తువ్వాలు చుట్టుకుని, నేల టిక్కెట్టు కొనుక్కుని వచ్చి ఇసుకలో కూర్చున్నారు. ఆయనకది అలవాటట. సినిమా ఎక్కడాడినా జనంలో కూర్చుని జనం మొహాలు చూడటం. నాకు తెలియదు. ఆట అయ్యాక నా గది తలుపు దబదబా కొట్టారు.

"ఎవరయ్యా ఆపరేటరు?"

"నేనేనండి."

"ఆ తల్లి చనిపోతూ ఏమంది?"

"'నాన్నా, అన్నం' అందండి."

"తర్వాత?"

"తర్వాత చచ్చిపోయిందండి."

తువ్వాలు తీసి భుజాన వేసుకున్నారు. అప్పుడు గుర్తుపట్టాను. పోస్టర్ల మీద మూలగా ఆయనది చిన్న బొమ్మ ఉండేది.

"నేను రాసింది 'నాన్నా, అన్నం తిని వెళ్లు, మబ్బు పట్టింది' అని. మిగతాది ఏదీ?"

"నిన్న మొదటాటలో తెగిందండి. ఆరు అడుగుల ఆరు ఫ్రేములు పోయింది."

"ఆరు ఫ్రేములు కూడా లెక్కపెట్టావా?"

"సినిమా మనది కాదు కదండీ. పరాయి సొత్తు పోగొట్టినప్పుడు ఎంత పోయిందో తెలియాలి కదా."

ఆయన తిట్టడానికి వచ్చిన మనిషి. ఫిల్ము పెట్టె మీద కూర్చుండిపోయారు. నోటుబుక్కు చూపించమన్నారు. అడుగులు, ఫ్రేములు చూశారు. తర్వాత వరసలో గీతలు చూసి, ఇవేమిటన్నారు. పుల్లల సంగతి చెప్పాను. నవ్వుతారనుకున్నాను. నవ్వలేదు. వేలు పెట్టుకుని పేజీ పేజీ చదివారు.

"నా ఏడో సినిమా, మూడో రీలు, ముప్పై ఎనిమిది పుల్లలా?"

"శనివారం మొదటాటండి. ఆదివారం నలభై ఒకటి."

"అది నేను మూడు రాత్రులు కూర్చుని రాసిన సీనయ్యా!"

ఆయనే పేజీ తిప్పి, "ఈ తల్లి చనిపోయే సీనుకు ఎన్ని?" అని అడిగారు.

"మొన్న, మాట ఉండగా, తొమ్మిదండి. నిన్న తెగిన ఆటలో లెక్క రాదు. తెరమీద బొమ్మ పోగానే అందరూ వెలిగిస్తారు. అతికించాక, నిన్న రెండో ఆట సున్నా. ఇవాళ సున్నా."

"మాట పోయాక సున్నా." ఆయన ఆ మాట రెండుసార్లు అన్నారు. "పదిహేనేళ్లుగా రాస్తున్నాను. మాట తగ్గితే పట్టు పెరుగుతుందని ఒక్కడూ నాకు చెప్పలేదు."

వెళ్తూ వెళ్తూ గడప దగ్గర ఆగారు. "అయినా సరే, రెండు వందల పన్నెండు అడుగులు నువ్వు నాకు బాకీ. గుర్తుపెట్టుకో" అన్నారు. రాసుకున్నాను. ఆ కాగితం ఇప్పటికీ ఉంది.

నాలుగు నెలలకు ఉత్తరం వచ్చింది. రెండే వాక్యాలు. "శుక్రవారం నలభై రెండోది విడుదల. నోటుబుక్కు తీసుకుని విజయవాడ రా." మా ఓనరు గారిని ఒక్కరోజు సెలవడిగి, తెల్లవారి మొదటి బస్సు ఎక్కాను. దారిలో బస్సు చెడిపోయి, మెకానిక్కు వచ్చేదాకా ఆగి, గవర్నర్‌పేటలో ఆయన దిగిన లాడ్జికి చేరేసరికి మార్నింగ్ షో అయిపోయింది. ఆయన మంచం అంచున కూర్చుని ఉన్నారు. ముందున్న ఇడ్లీ ముట్టుకోలేదు.

ఎదురుగా కుర్చీలో బయ్యరు గారు. మన జిల్లాలకు సినిమా కొనుక్కుని, హాళ్లకు ప్రింట్లు పంపేది ఆయనే. తెల్లచొక్కా, తెల్లపంచె, వేళ్ల మధ్య సిగరెట్టు. మంచి మనిషే. డైరెక్టరు గారి మొదటి సినిమా కొన్నదీ ఆయనే. అందుకే ఆయన మాట బరువు. ఈ సినిమా పోతే ఇక కొననని ముందే చెప్పేశారు. ఆయన కొనకపోతే ఇంకెవరూ కొనరు. నలభై రెండేళ్ల వయసులో, నలభై రెండో సినిమాతో డైరెక్టరు గారి పని అయిపోతుంది. గదిలో ఉన్న ముగ్గురికీ ఆ సంగతి తెలుసు.

"డైరెక్టరు గారూ, పన్నెండో రీలు లేపేద్దామండీ" అన్నారు బయ్యరు గారు.

"అందులో ఏముందో తెలుసా?"

"తెలుసండీ. తల్లీ కొడుకూ అన్నం తింటారు. ఆరు నిమిషాలు. ఒక్క మాట లేదు. సినిమానా, భోజన హోటలా అని అడుగుతున్నారు జనం. పొద్దున క్యాంటీను దగ్గర నేనే నిలబడ్డాను. పన్నెండో రీలు నడుస్తుంటే అరవై మంది బయట టీ తాగుతున్నారండీ. నా కళ్లతో చూశాను. ఇరవై ప్రింట్లున్నాయి, సాయంత్రానికి అన్ని ఊళ్లకూ ఫోను చేస్తే రేపటికి కత్తెర పడిపోతుంది."

పన్నెండో రీలు ఎక్కడ పుట్టిందో నాకు వెంటనే తెలిసింది. పామర్రు టెంటులో, నేను పోగొట్టిన ఆరు అడుగుల్లోంచి. జైలు నుంచి వచ్చిన కొడుక్కి తల్లి అన్నం పెడుతుంది. ఎందుకు వెళ్లావని అడగదు, వాడూ చెప్పడు. డైరెక్టరు గారు నావైపు చూడలేదు. "మ్యాట్నీ అయ్యేదాకా ఆగండి. ఈ అబ్బాయి లెక్కపెడతాడు" అన్నారు.

బయ్యరు గారు నన్ను కిందికీ మీదికీ చూశారు. "ఏం చదువుకున్నావు బాబూ?"

"ఆరో తరగతండి."

"లెక్కపెట్టేది ఏంటి?"

"అగ్గిపుల్లలండి."

బయ్యరు గారు డైరెక్టరు గారికేసి తిరిగి, జాలిగా, "భోజనం చేసి కాసేపు పడుకోండి సార్" అన్నారు. అయినా మ్యాట్నీ దాకా ఆగడానికి ఒప్పుకున్నారు.

మ్యాట్నీలో నేల క్లాసు వెనక గోడకు ఆనుకుని నిలబడ్డాను. ఆ రోజుల్లో హాల్లో పొగ తాగొద్దని బోర్డు ఉండేది, దాని కిందే తాగేవాళ్లు. ఎడమ జేబులో చింతగింజలు పోసుకున్నాను. పుల్ల వెలిగితే ఒక గింజ కుడి జేబులోకి. లేచి వెళ్లినవాళ్లకు నోటుబుక్కులో గీత. మొదటి పది రీళ్లూ బాగానే నడిచాయి. పదకొండో రీల్లో కామెడీ, ఎనిమిది నిమిషాలు. ఒక దొంగ స్వామి, ఇద్దరు భార్యల గొడవ. మొదలైన నిమిషానికే హాలంతా మిణుగురులు. డెబ్బై ఒక్క పుల్లలు. యాభై నాలుగు మంది లేచి బయటికి వెళ్లారు.

పన్నెండో రీలు మొదలైంది. కంచం పెట్టిన చప్పుడు వినిపించింది. మొదటి నిమిషంలో మూడు పుల్లలు. తర్వాతి అయిదు నిమిషాల్లో ఒక్కటీ లేదు. లేచినవాళ్లు ఇద్దరు, అందులో ఒకావిడ ఏడుస్తున్న పసిపిల్లను ఎత్తుకుని తలుపు దాకా వెళ్లి, అక్కడే నిలబడి చూసింది. టీ తాగి లోపలికి వస్తున్నవాళ్లు కూడా తమ చోటికి వెళ్లలేదు. వచ్చినవాళ్లు వచ్చినట్టే దారిలో నిలబడిపోయారు. నలభై మంది దాకా. వెనకవాళ్లు "కూర్చోండ్రా" అని అరవలేదు. అదీ రాసుకున్నాను.

మ్యాట్నీ వదిలాక ముగ్గురం మేనేజరు గదిలో కూర్చున్నాం. నేను అంకెలు చదివాను. బయ్యరు గారు వినలేదు. "నా ముప్పై ఏళ్ల అనుభవం ముందు నీ చింతగింజలేంటి బాబూ? అరవై మందిని నేను చూశాను."

"మీరు చూసింది నిజమేనండి. ఒక్క మాట అడగొచ్చా? క్యాంటీనులో టీ తాగి రావడానికి ఎంతసేపు పడుతుంది?"

"ఎంతసేపు? వరసలో నిలబడాలి, గ్లాసు అందాలి, వేడిగా ఉంటుంది. పది నిమిషాలు."

"పన్నెండో రీల్లో టీ తాగుతున్నవాళ్లు హాల్లోంచి లేచింది ఏ రీల్లోనండి?"

బయ్యరు గారి సిగరెట్టు చివర బూడిద పొడుగ్గా పెరిగి పంచె మీద రాలింది. దులుపుకోలేదు.

"పదకొండులో" అన్నారు చివరికి. ఆ వెంటనే కుర్చీలోంచి సగం లేచి, "ఆ కామెడీ నేనే పెట్టించానండీ! నేల క్లాసుకు కావాలని పోరు పెట్టి రాయించాను!" అన్నారు.

"మీరడిగారు, నేను రాశాను. తప్పులో సగం నాది" అన్నారు డైరెక్టరు గారు.

బయ్యరు గారికి ఇంకా అనుమానం తీరలేదు. మొదటాటకు ఈ ఒక్క ప్రింటులో కామెడీ తీసేసి చూద్దాం, ఈసారి లోపల నేనే నిలబడతాను అన్నారు. ఆ ఆటలో నిలవకపోతే పన్నెండో రీలుకు ఆ రాత్రికే కత్తెర పడుతుందని అందరం ఒప్పుకున్నట్టయింది. ప్రొజెక్షను గదిలోకి వెళ్లి కత్తిరించింది నేనే. ఏడు వందల ఇరవై అడుగులు. ఇంత పొడుగు ముక్క నా చేత్తో ఎప్పుడూ కొయ్యలేదు. డైరెక్టరు గారు పక్కనే నిలబడి, ఫిల్ము కిందపడకుండా చేతుల మీద పట్టుకున్నారు.

"నొప్పిగా ఉందాండీ?" అని అడిగాను.

"ఊక పోతోంది. గింజ ఉందో లేదో చూద్దాం" అన్నారు.

మొదటాటలో బయ్యరు గారూ నేనూ గోడకు ఆనుకుని పక్కపక్కన నిలబడ్డాం. పదో రీలు దాటింది. పదకొండు ఇంతలోనే అయిపోయింది. తలుపు చప్పుడు చేసుకుని నలుగురు బయటికి వెళ్లారు. కంచం చప్పుడు వినిపించింది. తల్లి అన్నం వడ్డించింది. బయ్యరు గారు అలవాటుగా సిగరెట్టు తీసి నోట్లో పెట్టుకున్నారు. అగ్గిపెట్టె తీశారు. పుల్ల తీశారు. నేను చింతగింజ పట్టుకుని సిద్ధంగా ఉన్నాను.

కొడుకు మొదటి ముద్ద కలుపుకున్నాడు. తల్లి చూస్తోంది. వాడు మజ్జిగ దాకా వచ్చాడు. కంచంలో చెయ్యి కడుక్కున్నాడు. తల్లి ఆ కంచం తీసుకుని దొడ్లోకి వెళ్లింది. ఆరు నిమిషాలు. హాల్లో ఎనిమిది వందల మంది. నా గింజ నా చేతిలోనే ఉంది.

పక్కకు తిరిగి చూశాను. బయ్యరు గారి నోట్లో సిగరెట్టు అలాగే ఉంది. ఒక చేతిలో అగ్గిపెట్టె, ఒక చేతిలో పుల్ల. కళ్లజోడు కింద చెంపలు తడిగా ఉన్నాయి. నేను చూస్తున్నానని గమనించి, ఆ పుల్లను తిరిగి పెట్టెలో పెట్టేశారు.

"సున్నా రాసుకో" అన్నారు.

ఇరవై ఊళ్లకూ ఫోన్లు వెళ్లాయి. పదకొండులో కామెడీ తీసేయండి, పన్నెండు మీద చెయ్యి వేస్తే ఊరుకోను. శనివారం మార్నింగ్ షోకు సగం నిండింది. ఆదివారం మ్యాట్నీకి హౌస్‌ఫుల్ బోర్డు బయటికొచ్చింది. దాన్ని మళ్లీ లోపల పెట్టింది అయిదు వారాల తర్వాత. మూడు సెంటర్లలో వంద రోజులాడింది. "అన్నం సీను" అంటే చాలు, ఏ సినిమా అని ఎవరూ అడిగేవాళ్లు కాదు. పామర్రు వచ్చినప్పుడు, ముందు చెప్పిన పదమూడు కాక పద్నాలుగోదిగా, నేనే ఆడించాను. పన్నెండో రీలుకు పద్నాలుగు ఆటల్లో పద్నాలుగు సున్నాలు. ఫిల్ము ఒక్కసారి కూడా తెగలేదు. తెగుతుందేమోనని ఆ ఆరు నిమిషాలూ నేను ఊపిరి బిగబట్టిన మాట మాత్రం నిజం.

వందరోజుల పండగ విజయవాడలోనే చేశారు. వేదిక మీద బయ్యరు గారు మైకు ముందుకొచ్చి, ఈ సినిమాను నేను నాశనం చెయ్యబోతే ఒక ఆరో తరగతి కుర్రాడు ఆపాడని చెప్పారు. నాకు అప్పటికి ఇరవై ఎనిమిదేళ్లు. లేచి నిలబడమన్నారు, నిలబడ్డాను. మూడో వరసలో మా అమ్మ, నన్ను చూడకుండా చప్పట్లు కొడుతున్నవాళ్లను చూస్తోంది. బహుశా లెక్కపెడుతోంది. డైరెక్టరు గారు శాలువా కప్పుతూ నా చెవిలో, "రెండు వందల పన్నెండు అడుగులు" అన్నారు.

"ఆరు నిమిషాలు నిలబెట్టాను కదండీ, చెల్లు కాలేదా?"

"అది ఈ సినిమా. బాకీ ఆ సినిమాలది."

పామర్రులో పని మానేసి ఆయన దగ్గర చేరాను. ఆ దశాబ్దం అయ్యేలోపు ఆయన ఇంకో పదకొండు సినిమాలు తీశారు. ప్రతి స్క్రిప్టూ షూటింగుకు ముందు నా చేతికొచ్చేది. ఏ సీను ఎన్ని అడుగులవుతుందో, ఎన్ని పుల్లలు వెలుగుతాయో పక్కన పెన్సిలుతో రాసేవాణ్ణి. ఆయన ఒక్కోసారి సీను కొట్టేసేవారు, ఒక్కోసారి నా అంకె కొట్టేసేవారు. పదకొండులో తొమ్మిది ఆడాయి. ఆ తొమ్మిదిలోనూ ఎక్కడో ఒకచోట మాటల్లేని సీను ఉంది.

బాకీ మాట నేను మర్చిపోలేదు. అరిగిపోయిన ప్రింట్లను పడేసే ముందు విజయవాడ గోడౌన్లలో గుట్టలుగా పోసేవాళ్లు. ఖాళీ దొరికినప్పుడల్లా వెళ్లి కూర్చుని, ఆ పదమూడు సినిమాల ప్రింట్లు వెతికి, నేను పోగొట్టిన చోటు ఏ ప్రింటులో బాగుంటే ఆ ముక్క కత్తిరించుకుని తెచ్చేవాణ్ణి. మూడో ముడి దొరికింది. గుర్రం ఎక్కడం దొరికింది. "నిర్దోషి" దొరికిన రోజు ఆయన ఇంట్లో పాయసం వండించారు. అలా నూట డెబ్బై నాలుగు అడుగుల పది ఫ్రేములు తీర్చాను. ఆయన అందిన ప్రతి ముక్కకూ ఎర్ర సిరాతో రసీదు రాసిచ్చారు.

తల్లి ఆఖరి మాట కూడా దొరికింది. ఆరు అడుగుల ఆరు ఫ్రేములు, గీత పడకుండా. డబ్బాలో పెట్టుకుని పరుగున వెళ్లాను. ఆయన దాన్ని వెలుగుకు పట్టి, మొదటి ఫ్రేము నుంచి చివరి ఫ్రేము దాకా చూశారు. చుట్ట చుట్టి నా డబ్బాలోనే పెట్టేశారు.

"ఇది తీసుకోను. పోయినందుకే కదా నాకింత వచ్చింది. బాకీలోనే ఉండనీ."

రసీదు రాయలేదు. రసీదు లేనిది తీరినట్టు కాదు. ఆ డబ్బా నా బీరువాలో ఉంది. మిగతా ముప్పై ఒక్క అడుగుల ప్రింట్లు ఎక్కడా మిగల్లేదని విచారించి తెలుసుకున్నాను. రెండూ కలిపితే, ఈ రోజుకు నేను ఆయనకు పడ్డ బాకీ ముప్పై ఏడు అడుగుల ఆరు ఫ్రేములు. పాతిక సెకన్లకు రెండు ఫ్రేములు తక్కువ.